పదిహేడు మెమోలు

కోర్టు హాల్లో ప్రభుత్వ వకీలు కళ్లజోడు సర్దుకుని చదివాడు. "బస్సు డిపోలో హెల్పర్లు స్పానర్లు అందిస్తారు, బస్సులు తుడుస్తారు, ఆగిపోతే నెడతారు. మరమ్మతు చేయడం వీళ్లకు తెలియదు. అందువల్ల మెకానిక్ ప్రమోషన్‌కు అర్హులు కారు."

వెనక బెంచీలో గ్రీజక్క తన చేతులు చూసుకుంది. గోళ్లలో పద్నాలుగేళ్లుగా ఏ సబ్బుకీ లొంగని నలుపు. అద్దాలు తుడిస్తే పట్టే నలుపు కాదది.

వకీలు ఇంకో మాట కూడా చదివాడు. "మొదటి పిటిషనర్ కిందటి నెల చనిపోయాడు. ఆ పేరు కొట్టేయాలి."

పక్కనున్న డిపో మేనేజరు ఆవలిస్తూ, "పైన ఖాళీలుంటాయిలే, అక్కడ ప్రమోషనిస్తారు" అన్నాడు.

ఆ చనిపోయినాయన డిపోకంతటికీ పెద్దాయన. ఇంజను దగ్గు విని రోగం చెప్పేవాడు. గ్రీజక్కకి స్పానర్ పట్టడం నేర్పిందీ ఆయనే. ముప్ఫై ఒక్క ఏళ్లు హెల్పరుగా చేసి హెల్పరుగానే పోయాడు. ఆయన కూర్చోవలసిన కుర్చీలో రెండేళ్ల కిందట మేనేజరు మేనకోడలి మొగుడు మెకానిక్‌గా దిగాడు. డిపోలో అందరూ అతన్ని 'అల్లుడు' అంటారు. మర్యాదకి లోటు లేదు, 'గారు' కూడా తగిలిస్తారు. రిపేరు హెల్పర్లది, జాబ్ కార్డు మీద సంతకం అల్లుడిది.

"అదే చిక్కు" అంది బయట వరండాలో వాళ్ల వకీలమ్మ. "ఆ పని మీరే చేశారనడానికి ఒక్క కాగితం కావాలి. తీసుకురండి, మిగతాది నేను చూసుకుంటాను."

మర్నాడు టైర్ల షెడ్డులో పదిహేడుగురు హెల్పర్లూ కూడారు.

"వాళ్లు కోర్టులో అబద్ధమాడారు" అంది గ్రీజక్క. "మనం మంచివాళ్లం కాబట్టి దాన్ని నిజం చేసిపెడదాం. స్పానర్ అందిద్దాం, తుడుద్దాం, నెట్టమంటే నెడదాం. అంతకుమించి వేలు పెట్టొద్దు."

"జనం మనల్నే తిడతారు" అన్నారెవరో.

"తిట్టనీ. బ్రేకు చూడని బండి రోడ్డెక్కితే తిట్టడానికి కూడా ఎవరూ మిగలరు. డ్రైవర్లతో మాట్లాడాను. అలాంటి బండి మేం తియ్యం అన్నారు."

బక్కన్న లేచాడు. అతనికి నీడ ఉందంటే ఆ నీడకే అనుమానం. "మెమోలిస్తాడక్కా! మెమో రాయందే ఆయనకి అన్నం అరగదు. మొన్న తుమ్మినందుకిచ్చాడు నాకు. ఉద్యోగం పోతే మా ఆవిడకి నువ్వు జవాబు చెప్తావా?"

"చెప్తా. ముందు పెద్దాయన పెళ్లానికి నువ్వు చెప్పు."

బక్కన్న తల దించుకున్నాడు. "కక్ష సాధిస్తున్నావక్కా."

"మరి? ప్రేమ కొద్దీ అనుకున్నావా? ఒక్కటే మాట. మెమో ఇస్తే చించకండి. సంతకం పెట్టి బుద్ధిగా తీసుకోండి."

మర్నాడు అల్లుడు బస్సు కింద దూరి చెయ్యి చాపాడు. గ్రీజక్క స్పానర్ అందించింది.

"ఇప్పుడేం చెయ్యాలి?"

"మాకు తెలియదని కోర్టులో చెప్పారు కదండీ, అల్లుడుగారూ!"

మధ్యాహ్నానికి ఆ బస్సులో ఉన్న సామాను కంటే నేల మీద ఉన్నదే ఎక్కువ. మూడో రోజుకి ఇరవై రెండు బస్సులు ఆవరణలో పడకేశాయి. స్టాండులో జనం గోల. పై ఆఫీసు నుంచి ఫోను మీద ఫోను. మేనేజరు చిందులు తొక్కుతూ షెడ్డుకొచ్చాడు.

"నాటకాలా? నిన్నమొన్నటిదాకా ఇవన్నీ ఎవరు చేశారు?"

"ఎవరండీ?" అంది గ్రీజక్క, పాపం ఏమీ ఎరగనట్టు.

"మీరే కదా!"

"నోటిమాటకేముంది సార్! రేపు మళ్లీ లేదంటారు."

మేనేజరు గదిలోకి పోయి తలుపు ధడాలున వేసుకున్నాడు. గంటలో పదిహేడు మెమోలు వచ్చాయి. 'పద్నాలుగేళ్లుగా ప్రతిదినం మీరు స్వయంగా చేస్తున్న బ్రేకు, క్లచ్, ఇంజను మరమ్మతు పనులను కావాలనే నిలిపివేసినందుకు సంజాయిషీ ఇవ్వగలరు.' కింద సంతకం. దాని మీద గుండ్రటి ముద్ర. బక్కన్న మెమోలో పదకొండేళ్లని ఉంది, లెక్క తప్పకుండా.

గ్రీజక్క చేతులు రెండుసార్లు కడుక్కుని మరీ తీసుకుంది.

ఆ సాయంత్రం వకీలమ్మ దాన్ని రెండుసార్లు చదివింది. "ఈయన్ని మన తరఫు సాక్షిగా పిలవాలమ్మా!"

"పెద్దాయన పేరో?"

"కొట్టేయనివ్వను. ఆయన భార్యని వారసురాలిగా చేరుస్తాం. గెలిస్తే వెనకటి తేదీ నుంచి ఆయనా మెకానిక్కే."

రెండు రోజుల తర్వాత మెమోల నకళ్లు కోర్టులో పడ్డాయి. ఆ మర్నాడు పొద్దున్నే మేనేజరు గేటు దగ్గర నిలబడి ఉన్నాడు, నెత్తురు చుక్క లేని మొహంతో.

"అవి తప్పుగా టైపయ్యాయి. తిరిగిచ్చెయ్యండి."

"తప్పు చేసినవాళ్లకి మెమో ఇవ్వాలి సార్. మీకు అలవాటేగా, ఒకటి రాసుకోండి" అన్నాడు బక్కన్న. అన్నాక తనే ఉలిక్కిపడ్డాడు.

అందరినీ అక్కడికక్కడే సస్పెండ్ చేశాడు మేనేజరు. వాళ్లు గేటుకడ్డంగా కూర్చున్నారు. పోలీసు వ్యాను వచ్చింది. పదిహేడుగురినీ ఎక్కించాక ఒక ముసలావిడ చీర కుచ్చిళ్లు ఎత్తి పట్టుకుని మెట్టెక్కింది.

"నువ్వెవరమ్మా?" అన్నాడు ఇన్‌స్పెక్టరు.

"మొదటి పిటిషనర్ని" అంది పెద్దాయన భార్య.

వ్యాను దగ్గింది. మళ్లీ దగ్గింది. ఆగిపోయింది.

"గ్రీజక్కా, ఒక్కసారి చూద్దూ" అన్నాడు ఇన్‌స్పెక్టరు గొంతు తగ్గించి.

"మాకు రాదు సార్. ప్రభుత్వమే రాసిచ్చింది."

"పోనీ దిగి నెట్టండి. నెట్టడం వచ్చుగా?"

"వచ్చు. కానీ సస్పెండయ్యాం. డ్యూటీలో లేనివాళ్లు సర్కారు బండి ముట్టుకోకూడదు."

అల్లుణ్ణి పిలిచారు. అతను బానెట్ ఎత్తి, చూసి, మర్యాదగా దించేశాడు.

ఇక స్టేషను దాకా నడకే గతి. పదిహేడుగురు, ముందు ఆ ముసలావిడ. ఆవరణలోని డ్రైవర్లు స్టీరింగులు వదిలి దిగారు. కండక్టర్లు, ఊడ్చేవాళ్లు వెనకే కలిశారు. వీధి మలుపు తిరిగేసరికి ఊరేగింపు తల ఒకచోట, తోక డిపో గేటులో. "పేరు కొట్టేస్తారా?" అని ఒకరు అరిస్తే, "కొట్టెయ్యనివ్వం!" అని వీధి వీధంతా అంది. చచ్చిన వ్యాను పక్కన మేనేజరు ఒక్కడే మిగిలాడు.

పెద్దావిడ గ్రీజక్క చెవి దగ్గరికి వంగింది. "నిజం చెప్పవే, ఏమైంది దానికి?"

"డీజిల్ ఫిల్టరు పూడుకుపోయింది పెద్దమ్మా. దగ్గు వింటేనే తెలిసింది. పావుగంట పని."

"మరి చెప్పలేదేం?"

"పెద్దాయనకి ప్రమోషనొచ్చాక చెప్తాను."