ఎక్కడికీ వెళ్లని తీగ

నేను ఒక టెలిఫోన్‌ని అని చెప్పుకుంటే అసలు టెలిఫోన్లు నవ్వుతాయి. నవ్వనివ్వండి. నా ఒళ్లు మేపుల్ కర్ర. దాని మీద నల్లరంగు, రంగు మీద మూడు పూతల వార్నిష్. నా డయల్ తిరగదు. నా వెనక నుంచి బయలుదేరిన తీగ బల్ల అంచుదాకా వెళ్లి ఒక మేకు దగ్గర ఆగిపోతుంది. ఇన్నేళ్లలో నాలోంచి ఒక్క మాట కూడా ఇంకో ఊరు చేరలేదు. అయినా అమెరికా దేశంలో నా అంత గొప్పగా వినిపించిన టెలిఫోన్ ఇంకొకటి లేదని నా నమ్మకం. ఆ నమ్మకానికి కారణం ఒక మనిషి. ఆవిడ పేరు హెలెన్ వేల్. నటి, రచయిత్రి. ముందు నటి, తర్వాత రచయిత్రి అని అందరూ అంటారు. ఆ వరుస తప్పని నాకు తెలుసు.

నన్ను చేసినవాడు ఆర్నీ డఫ్. మసాచుసెట్స్‌లో సముద్రం ఒడ్డున ఒక చిన్న ఊరుండేది. అక్కడ గడ్డి నిలవచేసే పాత కొట్టాన్ని నాటకశాలగా మార్చుకుని, ఒక కంపెనీ ప్రతి వేసవిలోనూ నాటకాలు ఆడేది. రంగం మీద కనిపించే కుర్చీ, కత్తి, కేకు, అవసరమైతే శవం, అన్నీ ఆర్నీ చేతిమీదుగానే తయారయ్యేవి. ఆ రోజుల్లో అక్కడ ఫోను ఇంటివాళ్లది కాదు, ఫోన్ల కంపెనీది. లైను ఉన్న ఇంటికే ఇచ్చేవాళ్లు, ఇల్లు మారితే పట్టుకుపోయేవాళ్లు. నాటకానికి ఒకటి కావాలని ఆర్నీ అడిగితే, మాట్లాడని ఫోను ఎవరికి పనికొస్తుందని అక్కడి గుమాస్తా అన్నాడట. ఆర్నీ తిరిగొచ్చి ఒక పాత మంచాన్ని కోశాడు. అలా 1934 వేసవిలో నేను పుట్టాను. మంచంగా ఉన్నప్పటి సంగతులు నాకు గుర్తులేవు. నిద్రపోయేవాళ్లని మోసి ఉంటాను.

బరువు కోసం లోపల సీసం ముక్కలు పెడదామని ఆర్నీ నా కడుపు తొలిచాడు. కింద రేకు బిగించాడు. సీసం పెట్టడం మాత్రం మరిచిపోయాడు. ఆ మతిమరుపే నా జీవితాన్ని మార్చింది.

నాకు గంట కూడా లేదు. అది తెర పక్కన, ఆర్నీ చేతికింద ఉండేది. ఒకసారి అతను గంట కొట్టకముందే కథానాయకుడు నన్ను చెవికెత్తుకుని "హలో" అన్నాడు. ఇంకోసారి నేను చెవి దగ్గర ఉన్నా గంట మోగుతూనే ఉంది. జనం విరగబడి నవ్వారు. నవ్వు నాటకానిది, అవమానం నాది. అప్పట్లో నాకు పొగరు ఎక్కువ, సిగ్గు కూడా ఎక్కువే.

హెలెన్ ఆ వేసవిలోనే వచ్చింది. పెన్సిల్వేనియాలో స్క్రాంటన్ అనే బొగ్గుగనుల ఊరి పిల్ల. తండ్రి పోలండ్ నుంచి వచ్చి గనిలో పనిచేసి, గనిలోనే పోయాడు. ఇంట్లో తల్లి, స్టెఫా అనే అక్క. అసలు పేరు హెలెనా వోయ్చిక్. ఆ పేరు పోస్టర్ మీద పట్టదని కంపెనీవాళ్లు కత్తిరించారు. మొదట పనిమనిషి వేషం ఇచ్చారు. నన్ను ఎత్తి "అయ్యగారు ఇంట్లో లేరండీ" అని పెట్టేయాలి, అంతే. రెండో నెలలో అదృష్టం కలిసొచ్చింది. ఒక హాస్యనాటకంలో కూతురు తల్లితో మూడు నిమిషాలు ఫోన్లో మాట్లాడే దృశ్యం ఆమెకి దక్కింది.

రిహార్సల్లో ఆమె ఆ మూడు నిమిషాలని ఒకటిన్నర నిమిషంలో ముగించింది. ఆర్నీ సుత్తి పక్కన పెట్టాడు.

"అవతల మీ అమ్మ ఉంది అమ్మాయ్. ఆవిడకి ఊపిరి పీల్చుకునే సందైనా ఇవ్వవా?"

"ఆవిడేం మాట్లాడుతుందో పుస్తకంలో లేదు కదా."

"లేకపోతే రాసుకో. నువ్వు విననిదే, జనం నమ్మరు."

ఆ మధ్యాహ్నం ఆమె కొట్టం మెట్ల మీద కూర్చుని, తల్లి మాటలన్నీ చిన్నచిన్న కాగితం ముక్కల మీద రాసుకుంది. నాటకం రాసినాయన ఇచ్చిన మాటలు కూతురివి. ఈ మాటలు ఎవరికీ వినపడవు, ఎవరూ అడగరు. వాటిని కంఠస్థం చేసి, చెవికి నన్ను పెట్టుకుని, తల్లి మాట పూర్తయ్యేదాకా ఆగి జవాబిచ్చింది. ముక్కల్ని పారేయడానికి మనసొప్పక నా రేకు విప్పి లోపల దాచింది. సీసం ఉండాల్సిన చోట ఆమె రాత చేరింది. ఆమె రాసిన మొదటి రచన అదే. మొదటి ప్రచురణకర్తని నేను.

నాలుగేళ్లు అలా గడిచాయి. 1938 నాటికి ఆమె ఆ కంపెనీలో ముఖ్యనటి. జూలైలో ఒక బుధవారం మధ్యాహ్నం ఆట. అదే హాస్యనాటకం మళ్లీ వేశారు. రంగం మీద ఆమె నన్ను పట్టుకుని తల్లితో పోట్లాడుతోంది. కొట్టం నిండా జనం, ఒకటే నవ్వు. అదే సమయంలో, టిక్కెట్లు అమ్మే గదిలోని అసలు ఫోను మోగింది. స్క్రాంటన్‌లో వీధి చివరి మందుల షాపు నుంచి స్టెఫా చేసింది. తల్లి చివరి దశలో ఉంది.

నాటకాలవాళ్లకి ఒక కట్టుబాటు ఉంది. తెర పడేదాకా నటులకి చెడుకబురు చెప్పరు. హెలెన్‌కి అయిదు గంటలకి చెప్పారు. అప్పటికి మధ్యాహ్నం రైలు వెళ్లిపోయింది. మళ్లీ రైలు మర్నాడు పొద్దునే. ఆమె ఇల్లు చేరేసరికి అంతా అయిపోయింది. స్టెఫా ఆమె టోపీ అందుకుని మేకుకి తగిలించిందట. మాట మాత్రం లేదు. ఆ తర్వాత హెలెన్ రాసిన ఉత్తరాలకి జవాబు రాలేదు. ఇదంతా ఆమె నాతోనే చెప్పుకుంది. ఎవరికీ చేరవేయనన్న నమ్మకం కాబోలు.

ఆ కంపెనీ వదిలి న్యూయార్క్ వెళ్లేటప్పుడు ఆర్నీ నన్ను పాత తువ్వాల్లో చుట్టి ఆమె చేతిలో పెట్టాడు. "నీ చేతి చెమటకి దీని రంగు పోయింది. ఇంకెవరికీ పనికిరాదు, పట్టుకుపో," అన్నాడు. అతను మెచ్చుకునే పద్ధతి అది.

న్యూయార్క్‌లో నా వైభవం మొదలైంది. ఆమె వేసిన ప్రతి నాటకంలోనూ ఫోను ఉంటే అది నేనే. అవతల ఉన్నది భర్త కావచ్చు, వకీలు కావచ్చు, బూట్లు కుట్టేవాడు కావచ్చు. ఆమె రాసుకున్న ముక్కల్లో మాత్రం మాట్లాడేది ఎప్పుడూ స్టెఫానే. స్టెఫా తిట్టేది, దెప్పేది, అప్పుడప్పుడు క్షమించేది. హెలెన్ విని జవాబు చెప్పేది. ఒక విమర్శకుడు, హెలెన్ వేల్‌ని మాట్లాడేటప్పుడు కాదు, వినేటప్పుడు చూడాలని రాశాడు. ఆ కాగితం ఆమె అద్దానికి అంటించుకుంది. నేను దాన్ని రోజూ చదివేవాణ్ణి. వినడమంటే అవతల నుంచి ఏదో రావడమని ఆ పెద్దమనిషి అనుకున్నాడు. మనుషులు చాలావరకు ఎదుటివాడి మాటని కాక, ఎదుటివాడు అంటాడని తాము అనుకున్నదాన్నే వింటారు. అసలు ఫోన్లు ఆ సంగతిని దాచిపెడతాయి. నాలో దాపరికం లేదు.

సినిమా నన్ను ఓడించింది. హాలీవుడ్‌లో మొదటిరోజే నన్ను బల్లమీద పెట్టగానే సౌండ్ చూసేవాడు చెవులకి పెట్టుకున్న హెడ్‌ఫోన్లు తీసి, "ఎవరో తలుపు కొడుతున్నారు," అన్నాడు. కర్ర చప్పుడు మైకుకి తెలిసిపోయింది. ఆమె తొమ్మిది సినిమాల్లో చేసింది. తొమ్మిదింటిలోనూ నేను ఆమె గదిలో కూర్చున్నాను. ఆమె నాతో సాధన చేసి, వెళ్లి ఇంకోదానితో నటించి వచ్చేది. ఈర్ష్య లేదని చెప్పను. ఆమె ఫోను దృశ్యాలు ఈ రోజుకీ బాగుంటాయని చెప్తారు. ఆ సాధన ఎక్కడ జరిగిందో తెలిసినవాళ్లు తక్కువ.

నలభై దాటాక సినిమాలు ఆమెని తల్లి వేషాలకి పిలిచాయి, ఆ తర్వాత పిలవడం మానేశాయి. 1956లో ఒక ఆదివారం, న్యూయార్క్‌లో ఆమె చిన్న ఇంట్లో, ఆమె నా రేకు విప్పింది. ఇరవై రెండేళ్ల ముక్కలు బల్ల నిండా పరుచుకున్నాయి. మొదటి ఏళ్ల తల్లి మాటలు పక్కనపెట్టి, నాటకాల పేర్లు తీసేసి చదివితే అది ఒకే సంభాషణ. ఇద్దరు అక్కచెల్లెళ్ల సంభాషణ. ఆమె ఆరునెలలు కూర్చుని దాన్ని పుస్తకం చేసింది. ప్రచురణకర్త వెంటనే వేస్తానన్నాడు. ఆమె ఒక షరతు పెట్టింది. ఇందులో సగం గొంతు స్టెఫాది. స్టెఫా వద్దంటే పుస్తకం లేదు.

టైపు ప్రతి స్క్రాంటన్‌కి వెళ్లింది. మూడు వారాలు హెలెన్ నన్ను ముట్టుకోలేదు. పోస్టు వచ్చే వేళకి మాత్రం కిటికీ దగ్గర నిలబడేది. వేషాలు పోయినందుకు ఆమె అంత భయపడలేదు. తను ఇన్నేళ్లూ విన్న గొంతు అసలు స్టెఫాది కాదేమో అన్న భయం ఇప్పుడు పట్టుకుంది.

ఉత్తరం రాలేదు. మనిషే వచ్చింది.

స్టెఫా లేసు మిల్లులో పనిచేసేది. నేసిన లేసులో తప్పులు పట్టడం ఆమె ఉద్యోగం. గుమ్మం దాటి వచ్చి, టోపీ తియ్యకుండా, కూర్చోకుండా, కాగితాల కట్ట నా పక్కన పెట్టింది.

"పదకొండు తప్పులున్నాయి," అంది. "నీలం పెన్సిల్‌తో దిద్దాను. నిన్ను నేను ఎప్పుడైనా బంగారం అన్నానా?"

"లేదు."

"నలభై మూడో పేజీలో అన్నాను. కొట్టేశాను. పిచ్చిమొహమా అని రాశాను. నేను అలా అంటాను."

హెలెన్ నవ్వబోయి ఆగింది. స్టెఫా చేతి వేలు నూట పన్నెండో పేజీ మీద ఉంది. అక్కడ పుస్తకంలోని స్టెఫా అంటుంది, "నీ తప్పేం లేదు హెలెనా, నీకు ఎవరూ చెప్పలేదు కదా" అని. ఆ వాక్యం మీద పెన్సిల్ ఎంత నొక్కి గీసిందంటే కాగితం చిరిగింది.

"ఇది నేను అనలేను," అంది స్టెఫా.

"సరే. పుస్తకం ఆపేస్తాను."

"ముందు విను. పద్దెనిమిదేళ్లుగా నువ్వే మాట్లాడుతున్నావు, నావి కూడా."

చెప్పడానికి వచ్చిన మనిషి చెప్పలేకపోయింది. చెల్లెలి మొహం చూసింది, కిటికీ చూసింది, చివరికి నన్ను చూసింది. ఏం తోచిందో నన్ను ఎత్తి చెవికి పెట్టుకుంది. "ఇంత తేలిగ్గా ఉందేంటి," అని గొణిగి, గోడవైపు తిరిగి నాలోకి మాట్లాడింది.

"ఆ రోజు టిక్కెట్లాయన నిన్ను పిలుస్తానన్నాడు. కట్టుబాటు సంగతి నేను చూసుకుంటాను, ఆట ఆపైనా పిలుస్తానన్నాడు. వెనకాల ఒకటే నవ్వులు. ఏంటా చప్పుడు అని అడిగాను. మీ చెల్లెలేనమ్మా, వాళ్లమ్మతో ఫోన్లో మాట్లాడుతోంది అన్నాడు. నాటకంలో అని తర్వాత అన్నాడులే. అంతమంది అలా నవ్వడం నేనెప్పుడూ వినలేదు. అయితే మాట్లాడుకోనివ్వండి, అయ్యాక చెప్పండి అన్నాను." ఊపిరి తీసుకుంది. "సాయంత్రం దాటదన్నాడు డాక్టరు. నువ్వెలాగూ అందవనుకున్నాను. అమ్మ తెల్లారేదాకా ఉంది హెలెనా. వెంటనే చెప్పనిస్తే అందేదానివి. ఆ రోజు ఏం జరిగిందో నువ్వు అడుగుతావని చూశాను. నువ్వు అడగలేదు. నా జవాబులు నువ్వే రాసుకున్నావు."

హెలెన్ వినడం నేను వేలసార్లు దగ్గరనుంచి చూశాను. ఎక్కడ కనుబొమ కదులుతుందో, ఎక్కడ ఊపిరి ఆగుతుందో నాకు తెలుసు. ఆ రోజు అవేవీ లేవు. తర్వాత ఏం రావాలో తెలియని మనిషి మొహం అది. లేచి, అక్క చేతిలోంచి నన్ను తీసుకుని బల్లమీద పెట్టింది.

"టోపీ తీసి కూర్చోవే పిచ్చిమొహమా," అంది.

పుస్తకం మరుసటి ఏడు వచ్చింది. నూట పన్నెండో పేజీలో ఇప్పుడున్నవి స్టెఫా మాటలు, ఆమె నాలోకి చెప్పినవి చెప్పినట్టు. తీసేద్దామని హెలెన్ అంది. "నావని చెప్పి నీవి వేసుకున్నావు, నావి వేయడానికేం?" అని స్టెఫా ఒప్పుకోలేదు. పుస్తకం బాగా అమ్ముడుపోయింది. బహుమతి కూడా వచ్చింది. దాన్ని హెలెన్ నా పక్కనే పెట్టింది, నాకంటే కొంచెం వెనగ్గా.

ఆ పుస్తకాన్నే ఏకపాత్ర నాటకం చేసి, ఆమె మొదటి ఆట మసాచుసెట్స్‌లో అదే కొట్టంలో వేసింది. బుధవారం, మధ్యాహ్నం. ఆర్నీ అప్పటికి లేడు. తెర పక్కన అతని పాత గంట దగ్గర ముక్కాలిపీట వేసుకుని స్టెఫా కూర్చుంది. గంట సరిగ్గా కొట్టింది. హెలెన్ నన్ను ఎత్తింది. స్టెఫా, జనానికి వినపడకుండా, పుస్తకం ముందు పెట్టుకుని, తన వైపు మాటలు తనే చదివింది. నా జీవితంలో మొదటిసారి అవతల ఎవరో ఉన్నారు. నా తీగ మేకు దగ్గరే ఆగి ఉంది, అయినా ఆ రోజు నన్ను చూసి ఏ టెలిఫోనూ నవ్వలేకపోయేది.

నూట పన్నెండో పేజీ దగ్గర హెలెన్ గొంతు సన్నబడింది. పుస్తకంలో లేని మాట ఒకటి తెర పక్కనుంచి వచ్చింది.

"గట్టిగా మాట్లాడవే. నాకు వినపడట్లేదు."

ఆమె గట్టిగా మాట్లాడింది. ముందు వరసలో ఎవరో కళ్లు తుడుచుకున్నారు. మర్నాడు ఊరి పత్రికలో, హెలెన్ వేల్ విరామాల్లో మునుపటి ఖచ్చితత్వం లేదని రాశారు. అక్కచెల్లెళ్లిద్దరూ ఆ పత్రికని ఒకరి దగ్గర ఒకరు లాక్కుని చదివి నవ్వుకున్నారు. విరామం ఎంతసేపుండాలో నిర్ణయించేది ఇప్పుడు ఇద్దరు.

వాళ్లిద్దరూ పోయి చాలాకాలమైంది. నేను నాటకాల మ్యూజియంలో, గాజుపెట్టెలో, మంచి వెలుతురులో ఉన్నాను. కడుపు ఖాళీ, తుడిచి శుభ్రం చేశారు. జనం ఆగి, వంగి, నా ముందున్న అట్ట మీద చదువుతారు: "చెక్క టెలిఫోన్. హెలెన్ వేల్ నాటకాల్లో వాడినది. పని చేయదు."

అట్ట మీద ఒక తప్పుంది. నీలం పెన్సిల్ పట్టుకునే మనిషి ఇప్పుడు లేదు.