రెండో తెడ్డు

అసలు బాణం అంత దూరం ఎలా వస్తుంది, ఏరు అంత వెడల్పని సీరియల్ మూడో భాగంలో రాసింది తనే కదా, ఈ గట్టు నుంచి చూస్తే అవతలి గట్టు మీద ఏనుగు మేకపిల్లలా కనిపిస్తుందని కూడా రాసింది, అలాంటి ఏటి నడుమ పడవలో కూర్చున్న అంబుధరాచార్యులు బాణం తగిలి పోయారంటే నమ్మడానికి చదివేవాళ్ళు చెవిలో పువ్వులు పెట్టుకున్నారా, అనుకుంటూ స్టెల్లా కిటికీ పక్కన సర్దుకుని పక్క సీటు మీద కర్చీఫ్ పరిచింది, ఉయ్యూరులో తను ఎక్కగానే కర్చీఫ్ వెయ్యడం, కంకిపాడులో కీర్తన ఎక్కి దాన్ని మడిచి ఒళ్ళో పెట్టుకుని కూర్చోవడం, రెండేళ్ళుగా ఇదే వరస, మూడు వారాలుగా మాత్రం కర్చీఫ్ ఒక్కటే విజయవాడ దాకా వస్తోంది, కీర్తన వెనక బస్సుకి వెళ్తోంది, అయినా ఈ చెయ్యి ఊరుకోదు, పొద్దున్నే బ్యాగులో టిఫిన్ డబ్బా కంటే ముందు కర్చీఫే పెడుతుంది.

ఈ బస్సులోనే పుట్టింది ఆ లోకమంతా, ఏడు చందమామలూ, తారణి అనే ఏరూ, అంబుధరాచార్యుల జంటతెడ్ల గురుకులమూ, ఒకరోజు కీర్తన, దేవుడు పలకని ప్రార్థన కూడా ప్రార్థనేనా అంది, కాకపోతే మా అమ్మ నలభై ఏళ్ళుగా చేస్తున్నదేంటని స్టెల్లాకి ఒళ్ళు మండింది, కంకిపాడు నుంచి బెంజి సర్కిల్ దాకా వాదించుకుని, ఎవరూ గెలవకుండానే దిగిపోయి, రోడ్డు మీద నిలబడి పగలబడి నవ్వుకున్నారు, ఆ సాయంత్రమే కీర్తన రాసి పంపింది, ఆ గురుకులంలో వాదం నేల మీద చెయ్యకూడదు, ఇద్దరూ ఒకే పడవెక్కాలి, చెరో తెడ్డూ పట్టాలి, గెలిచానని మురిసిపోయి ఎవడు తెడ్డు ఆపినా పడవ ఉన్నచోటే గిర్రున తిరుగుతుంది, గట్టు తగలగానే వాదం అయిపోయినట్టు, ఎవరు గెలిచారని ఎవరూ అడగరు, యాప్‌లో గురువారం గురువారం వచ్చే సీరియల్‌లో బేసి భాగాలు స్టెల్లావి, సరి భాగాలు కీర్తనవి, ల్యాబులో రక్తం సీసాల మీద పేర్లు అంటిస్తూ కూడా స్టెల్లా ఆ ఏట్లోనే ఉండేది, ఎంత హాయిగా ఉండేదో.

నలభై ఒకటో భాగంలో తనే చంపేసింది, ఆచార్యుల్ని, కీర్తనని మాట మాత్రం అడక్కుండా, చదివేవాళ్ళు తగ్గిపోతున్నారే అని పైకి చెప్పింది గానీ అది కాదు, కథలో చివరికి గురుకులం ఓడిపోవాలని తను, ఓడకూడదని కీర్తన, వారమంతా వాదించుకున్నారు, కీర్తన మాటకి తన దగ్గర జవాబు లేకపోయింది, జవాబు లేక బాణం వేసింది, అదీ సంగతి, కీర్తన బస్సు దిగుతూ, నన్నొక్క మాట అడిగితే ఏం పోయేది స్టెల్లా, అంది, అంతే, తర్వాత నలభై రెండోది స్టెల్లాయే ఆరుసార్లు రాసింది, ఆరుసార్లూ ఆచార్యులతో పడవెక్కిన శిష్యుడు ఏటి నడుమే ఉండిపోయాడు.

ఎవరన్నా ఉన్నారామ్మా ఇక్కడ, అంది నిలబడ్డ ఒక పెద్దావిడ కర్చీఫ్ వంక చూస్తూ, ఆడవాళ్ళకి ఫ్రీ అయ్యాక బస్సులో కాలు పెట్టడానికే చోటుండటం లేదు, ఖాళీ సీటు ఆపడం పాపమే, కంకిపాడులో వస్తారండీ, అంతదాకా కూర్చోండి, అని నోరు అనేసింది, వస్తారో రారో నోటికేం తెలుసు, కర్చీఫ్ తీసి గుప్పిట్లో పెట్టుకుని రాత్రి వచ్చిన వాయిస్ మెసేజ్ మళ్ళీ చెవి దగ్గర పెట్టుకుంది, కీర్తన వాళ్ళ నాన్న తిరుపతిరావుగారిది, అమ్మాయ్ స్టెల్లా, మూడు గురువారాల్నుంచి కథ లేదేంటమ్మా, మా కీర్తన్నడిగితే అన్నం ముందు నుంచి లేచిపోతోంది, ఆచార్యులు పోతే పోయాడులే, ముసలాళ్ళం పోకుండా కూర్చుంటామా, కానీ పడవింకా ఏట్లోనే ఉంది కదా, ఆ శిష్యుడు ఒంటి తెడ్డుతో ఎన్నాళ్ళు తిరుగుతాడు, కళ్ళు తిరిగి పడిపోడూ, అని పెద్దగా నవ్వి దగ్గేశారు, నిన్న నవ్వొచ్చింది, ఇప్పుడు మాత్రం రాలేదు, స్టెల్లా ఫోన్ తీసి టైప్ చేసింది, నలభై రెండు నీదే, నేను ముట్టుకోను, సీటు ఆపాను, పంపేసింది, చదివినట్టు రెండు గీతలు నీలంగా మారాయి.

కంకిపాడు, దిగేవాళ్ళు ముందుకి రండమ్మా అని కండక్టర్ అరుస్తున్నాడు, పెద్దావిడ మీవాళ్ళు వచ్చారా తల్లీ అని లేచింది, స్టెల్లా కిటికీలోంచి చూడలేదు, భయమేసింది, కర్చీఫ్ మళ్ళీ సీటు మీద పరిచి దాని వైపే చూస్తూ కూర్చుంది, ఒక చెయ్యి వచ్చి దాన్ని తీసి నాలుగు మడతలు పెట్టింది, బాణం గుండెకి తగిలిందా, భుజానికా, అది చెప్పు ముందు, అంది కీర్తన కూర్చుంటూ, గుండెకే, అంది స్టెల్లా, అంత దూరం నుంచా, నీ మొహం, భుజానికి కూడా తగలదు, అంది కీర్తన, ఇదిగో మళ్ళీ ఓడిపోతున్నాను అనుకుంది స్టెల్లా, బస్సు కదిలింది, ఈ మూడు వారాలూ అడిగేవాళ్ళు లేక తను అనుకున్నదల్లా నెగ్గింది, కథ మాత్రం ఒక్క అడుగు ముందుకి పడలేదు, తనకి గెలుపు కాదు కావలసింది, పక్కన ఈ మనిషి, అంతే, సరే తగల్లేదే, తర్వాతేమైందో నువ్వు చెప్పు, అంది.