వేరు కాపురం పెట్టిన వరి

వీరాయమ్మని "గారూ" అని ఒకరు పిలవడం ఆమె పుట్టి బుద్ధెరిగాక అదే మొదలు. అందుకే కరిగిపోయింది గానీ, లేకపోతే తన పాక వెనక కొబ్బరిచెట్ల కింద మూడు సెంట్ల మెరక నేలని తీసికెళ్లి జపాను వాళ్ల పాలు చేసేదా?

అలా పిలిచిన మనిషి వ్యవసాయశాఖ గౌరీశంకరం గారు. నల్ల గొడుగు, మాటిమాటికీ చెయిను ఊడే సైకిలు, దాని వెనక ఓ తాడు చుట్ట. గోదారికి పెద్ద వరదొచ్చిన ఏడు, అంటే యాభైమూడులో, ఎండాకాలం నుంచీ ఆయన ఊరూరా తిరిగి ఒకటే పాట పాడాడు. జపాను పద్ధతి, జపాను పద్ధతి అని. పాడీ పాడీ ఆయన పేరే మాసిపోయింది. పిల్లా పెద్దా అందరికీ ఆయన "జపాను గారు" అయిపోయాడు.

"కాకినాడ మీద బాంబులేసిన జపానోడేనాండీ? ఇప్పుడు మనకి ఊడుపులు నేర్పుతాడాండీ?" అని వీరాయమ్మ పక్కచేను అంజిబాబు అడిగితే అరుగు మీద వాళ్లంతా పొట్టలు పట్టుకుని నవ్వేరు.

ఆయన కోపం తెచ్చుకోలేదు. "బాంబుల సంగతి నాకెందుకు నాయనా. ఆకుమడి, అదే నారుమడి, ఎత్తు మీద కట్టి, విత్తనం పలచగా చల్లి, బూడిదా పెంటా వేసి పెంచండి. ఊడ్చేటప్పుడు జానెడు ఎడం వదిలి రెండేసి మొక్కలే పెట్టండి. ఒక్కో దుబ్బుకి ముప్పై పిలకలు రాకపోతే నన్నడగండి" అన్నాడు.

"జానెడు ఎడమా! ఆ సందులో మా దూడని కట్టేసుకోవచ్చండి" అన్నాడు అంజిబాబు.

మళ్లీ నవ్వులు. మెరక నేల ఎవరూ ఇవ్వలేదు. చివరికి ఆయన వీరాయమ్మ పాక ముందు సైకిలు దిగి, మజ్జిగ పుచ్చుకుని, "వీరాయమ్మగారూ, మీరైనా ఓ మూలన చోటివ్వాలి" అన్నాడు. వీరాయమ్మ ఎవర్ని పిలుస్తున్నాడా అని ఓసారి వెనక్కి తిరిగి చూసింది. వెనక గేదె తప్ప ఎవరూ లేరు.

"ఆయ్, దానికేం భాగ్యమండీ! విత్తనం మీది, కష్టం మీది, నాదేం పోయింది?" అనేసింది.

అలా కొబ్బరిచెట్ల కింద ఎత్తుగా, పొడుగ్గా నాలుగు మళ్లు వెలిశాయి. చూసిన వాళ్లు ఆగి మరీ చూసి, "ఏమే వీరాయీ, బొమ్మల పెళ్లి ఎప్పుడే?" అనేవారు. ఆమె కూడా వాళ్లతో కలిసి నవ్వేది. తన అసలు ఆకుమడి పల్లంలో చేను పక్కనే ఉంది. ఎప్పటిలాగే దట్టంగా అక్కుళ్ల వడ్లు చల్లుకుంది. అది ఉండగా ఈ బొమ్మల పెళ్లితో ఆమెకి పనేముంది?

వీరాయమ్మ చేసేది శరభయ్యగారి ఎకరం, కౌలుకి. ఆమె మగడు కొండయ్యకి కాలవ మీద పడవ. కొబ్బరికాయలు వేసుకుని కాకినాడ వెళ్తే పక్షానికోసారి ఇంటి మొహం చూసేవాడు. చేను సంగతి అడిగితే, "నాకు నీళ్ల మీద నడక తెలుసు గానీ నేల మీద తెలీదే" అనేవాడు. అందుకని దమ్ము దగ్గర నుంచి కుప్పనూర్పు దాకా అంతా ఆమే. ఆ ఎకరమే వాళ్లకి ఏడాది తిండి. అది పోతే వీరాయమ్మ మళ్లీ కూలి మందితో కలిసి పరాయి చేలలో వంగోవాలి. పదేళ్లు అలా వంగున్న మనిషే. మళ్లీ అక్కడికి పోవడం ఆమెకి ఇష్టం లేదు.

శ్రావణమాసంలో ఏటిగట్టు తెగింది. ఆ వరద గురించి చెప్పుకుంటే తెల్లారిపోతుంది గానీ, ఒక్క ముక్కలో చెప్పాలంటే గోదారి తల్లి ఊరందరి ఇళ్లకీ పేరంటానికి వచ్చినట్టు వచ్చి తొమ్మిది రోజులు కూర్చుంది. లేచి వెళ్లేటప్పుడు పల్లంలో ఉన్న ఆకుమళ్లన్నీ ఒళ్లో పెట్టుకుని వెళ్లిపోయింది. వీరాయమ్మదీ పోయింది. కొబ్బరిచెట్ల కింద బొమ్మల పెళ్లి మళ్లు మాత్రం బెత్తెడు ఎత్తు మీద నీళ్లని చూస్తూ పచ్చగా నిలబడ్డాయి. ఆ తొమ్మిది రోజులూ ఆ ఆకుని బాతుల నోట పడకుండా ఆమె తాటాకుతో అదిలిస్తూనే ఉంది.

నీరు తీసిన మర్నాడే అంజిబాబు దోనె కట్టుకుని మెరక ఊళ్ల మీద పడి ఆకు కట్టలు తెచ్చుకున్నాడు. తన చేనుకి సరిపోగా ఇంకా మిగిలింది. మిగిలిన ఆకు చూసేసరికి పక్కనున్న వీరాయమ్మ చేను గుర్తొచ్చింది. తిన్నగా శరభయ్యగారింటికి వెళ్లాడు.

శరభయ్యగారు వేదం చెప్పుకునే మనిషి. చెడ్డాయన కాదు గానీ చేలో ఎప్పుడూ కాలు పెట్టలేదు. ఆయనకి వ్యవసాయమంటే గట్టు మీద నుంచి చూస్తే పచ్చగా కనిపించడమే. వీరాయమ్మని పిలిపించారు.

"ఏమే వీరాయీ, చేను బీడు పడితే మా ఇంట్లో దేవుడి నైవేద్యానికి బియ్యం ఎక్కణ్ణించి వస్తాయే? అంజిబాబు దగ్గర ఆకుందిట. ఊడ్చేస్తానంటున్నాడు."

"ఆకు నా దగ్గరా ఉందండి. మూడు రోజుల్లో ఊడ్చేస్తానండి."

"ఆ మూడు సెంట్ల ఆకు ఎకరానికి ఎలా సరిపోతుందక్కా?" అన్నాడు అంజిబాబు, ఎంతో జాలి పడుతున్నట్టు.

"నీ దూడని కట్టేసే సందులు వదుల్తాన్లే తమ్ముడూ!"

శరభయ్యగారు నవ్వాపుకున్నారు. "సరే. ఈ పంట నువ్వే చెయ్యి. విజయదశమి నాడు వచ్చి చేను చూస్తాను. బాగుంటే వచ్చే ఏడూ నీదే. లేదంటే అంజిబాబుకి మాటిచ్చేస్తాను. ఆ తరవాత ఏడిస్తే లాభం లేదు సుమా!"

ఇంటికొచ్చాక గానీ తనేం చేసిందో వీరాయమ్మకి తెలిసిరాలేదు. జపాను గారు మాట వరసకి చెప్పిందాని మీద ఏడాది తిండి పెట్టేసింది. పోనీ ఆయన్నే అడుగుదామంటే కాలవకి గండిపడి, బల్లకట్టు కొట్టుకుపోయి, ఆయన అవతలి గట్టునే ఉండిపోయాడు. కొండయ్య పడవ కాకినాడలో చిక్కుకుపోయింది. మఖ కార్తె దాటిపోతోంది. ఇంక ఎవర్ని అడుగుతుంది?

మర్నాడు ఆడపడుచు ముత్యాలు తన ఊడుపు మంది పదిమందిని వెంటేసుకుని వచ్చింది. ముత్యాలు పాట ఎత్తుకుంటే చేయి ఆగదని పేరు. వీరాయమ్మ గట్టు మీద నిలబడి చెప్పాల్సిందంతా చెప్పింది.

"రెండే రెండు మొక్కలు వదినా. జానెడు ఎడం. మర్చిపోకు."

"చెప్పేవుగా. మేమేం చెవిటోళ్లమా?" అంది ముత్యాలు.

వీరాయమ్మ గంజి కాచి తెద్దామని ఇంటికెళ్లింది. కాచి, ఉప్పు వేసి, కుండ నెత్తిన పెట్టుకుని, ఉల్లిపాయలు కొంగున కట్టుకుని వచ్చేసరికి పొద్దు నడినెత్తికొచ్చింది. చేను చూసి మొదట ఆమె మనసు నిండిపోయింది. ఎంత పచ్చగా, ఎంత నిండుగా ఉంది! తర్వాత గట్టు మీద మిగిలిన ఆకు కట్టలు చూసింది. కుండ జారి పడబోయింది. చేను మూడోవంతు కూడా కాలేదు, ఆకు సగం అయిపోయింది.

"వదినా, ఇదేంటి?"

ముత్యాలు నడుం ఎత్తి, బురద చేత్తోనే చెమట తుడుచుకుంది. "మొదట్లో నువ్వు చెప్పినట్టే పెట్టేమే. వెనక్కి తిరిగి చూస్తే చేను మొహం మొండి చెట్టులా ఉంది. శరభయ్యగారు చూస్తే నీ గతేంటని మాకే బెంగెట్టుకుంది. రెండేసి మొక్కలే పెట్టాలంటే చెయ్యి రావట్లేదు. విస్తట్లో ఒక్కో మెతుకు వడ్డించినట్టుంది. అందుకని నాలుగేసి, ఐదేసి పెట్టేం. తప్పా?"

"తప్పు కాదొదినా, నా మీద ప్రేమే. కానీ మిగతా చేనుకి ఏం పెడతావు, నా తలా?"

మందిలో ఒకామె కిసుక్కుమంది. ముత్యాలు మొహం మాడ్చుకుంది. వీరాయమ్మకి ఏడుపు రాలేదు. చీర ఎగదోపి చేలోకి దిగింది. ఊడ్చిన దాంట్లో చివరి దుబ్బు మీద చెయ్యి వేసింది.

ముత్యాలు గుండె బాదుకుంది. "ఒసే! ఊడ్చిన ఆకు పీకుతావంటే! అచ్చిరాదే! పీకిన చేతికి పంట అంటదంటారు. మా అమ్మ ఉంటే నీ చెయ్యి విరగ్గొట్టేది."

వీరాయమ్మ చెయ్యి ఒక్క క్షణం ఆగింది. ఆమెకీ అది భయమే. పెద్దల మాట ఆమె మాత్రం ఎప్పుడు కాదంది? అయినా వంగుని, చంటిపిల్లతో మాట్లాడినట్టు ఆ దుబ్బుతో మాట్లాడింది.

"తల్లీ, కోపగించకు. నిన్ను చంపట్లేదు. వేరు కాపురం పెట్టిస్తున్నాను. ఐదుగురు తోడికోడళ్లు ఒక్క పొయ్యి దగ్గర చేరితే ఎవరికి కడుపు నిండుతుంది చెప్పు? ఎవరి వాకిలి వాళ్లకి ఉండాలి. పిల్లా పాపలతో చల్లగా ఉండండి."

అని మెల్లిగా మూడు మొక్కలు తీసి, జానెడు అవతల రెండు, ఇంకో జానెడు అవతల మిగిలినదానికి పక్క దుబ్బులోంచి ఒకటి జతచేసి గుచ్చింది.

మందిలో తోడికోడళ్లతో వేగుతున్న వాళ్లు కనీసం ఆరుగురు ఉన్నారు. ఒక్కసారిగా గొల్లుమన్నారు. "మాకూ పెట్టించవే వేరు కాపురం, నీకు పుణ్యముంటుంది!" అని ఒకామె. "మా అత్తనెక్కడ గుచ్చుతావే?" అని ఇంకొకామె. ముత్యాలుకి కూడా నవ్వాగలేదు. ఆమె వేరుపడి రెండేళ్లే అయ్యింది. వేరుపడ్డాకే ఒళ్లొచ్చిందని ఊరంతా అనేది.

"అదైతే నిజమే" అని ముత్యాలు వంగి, తనూ ఓ దుబ్బు విడదీసింది. ఊడ్చింది. తలెత్తి అటూ ఇటూ చూసింది. "ఎడం కుదరట్లేదే. వరసకి పట్టే జపాను గారి తాడేది?"

"అవతలి గట్టున ఆయన దగ్గరే ఉండిపోయింది."

ముత్యాలు కాసేపు చూసి, "ఓసోసి! వాకిట్లో చుక్కలు పెట్టడానికి ఎప్పుడైనా తాడు పట్టేమా? ధనుర్మాసంలో ఇరవయ్యొక్క చుక్క, ఇరవయ్యొక్క వరస పెట్టేదాన్ని, కళ్లు మూసుకుని! పిల్లలూ, ముగ్గేస్తున్నాం అనుకోండే. చుక్కకి చుక్కకి జానెడు. చుక్క దగ్గర పిండి కుప్ప పోస్తే మొట్టికాయే!" అంది.

ఇంకేం, పదిమందీ వాకిలి ముందు వంగున్నట్టే వంగున్నారు. ఊడ్చిందంతా విడదీస్తూ, ఊడవనిది ఊడుస్తూ రెండు రోజులు చేశారు. మూడో రోజు మధ్యాహ్నానికి ఎకరం పూర్తయ్యింది. గట్టు మీద ఇంకా గుప్పెడు ఆకు మిగిలింది. దాన్ని వీరాయమ్మ ఈశాన్యం మూల గుచ్చి దణ్ణం పెట్టుకుంది.

ఆ సాయంత్రమే శరభయ్యగారు అటు వచ్చారు. చూసి నోరు తెరిచారు.

"చేనా ఇది, అప్పుడే క్షవరం చేయించుకున్న తలా?"

"వెంట్రుకలు మొలుస్తాయండి బాబుగారూ" అంది వీరాయమ్మ. అంది గానీ ఆ మాట మీద ఆమెకే నమ్మకం లేదు.

మొదటి పది రోజులు బయటికి వెళ్లాలంటేనే సిగ్గేసింది. అంజిబాబు చేను దట్టంగా ఉంది, తన చేనులో నీళ్లే కనిపిస్తున్నాయి. సందుల్లో కలుపు తీసింది. పెంట కుళ్లబెట్టి వేసింది. రోజూ పొద్దున్నే వెళ్లి, "ఏమర్రా, ఇంకా ఒంటరిగానే ఉన్నారా?" అని అడిగేది. ఓ రోజు ఒక దుబ్బు మొదట్లో పక్కగా సన్నటి పిలక కనిపించింది. వారానికి మూడయ్యాయి. ఆ తర్వాత లెక్కపెట్టడం మానేసింది. పిల్లల్ని లెక్కపెట్టకూడదు, దిష్టి. బల్లకట్టు వేశాక జపాను గారు సైకిలు తోసుకుంటూ వచ్చి, గట్టు మీద నిలబడి, ఆ వరసలు చూసి, "తాడు లేకుండా ఇంత తిన్నగా ఎలా వేశారండీ వీరాయమ్మగారూ?" అన్నాడు. "ముగ్గండి" అంది ఆమె. ఆయనకి అర్థం కాకపోయినా పుస్తకంలో రాసుకున్నాడు.

విజయదశమి నాడు పూజ ముగించుకుని శరభయ్యగారు వచ్చారు. వెనకే అంజిబాబు, కొత్త కండువాతో. చేనులో నీళ్లు కనిపించడం మానేసి చాలా రోజులైంది. గాలేస్తే ఆ చివర నుంచి ఈ చివరకి ఒకటే అల. అప్పుడు శరభయ్యగారు ఊళ్లో ఎవరూ ఎప్పుడూ చూడని పని చేశారు. ఆయన పంచె ఎగ్గట్టి చేలోకి దిగారు! ఓ దుబ్బు పట్టుకుని లెక్కపెట్టడం మొదలెట్టారు.

"ఒకటి, రెండు, మూడు..."

"మెల్లిగా బాబుగారూ, అక్కడ ఎండ్రకాయ కన్నం ఉందండి."

"పన్నెండు, పదమూడు..."

"కాలు కాస్త ఇటు పెట్టండి, ఆయ్, అలాగ. అమ్మగారు బాగున్నారాండీ?"

"నోరు మూస్తావా! వేదం మొత్తం తప్పులేకుండా చెబుతాను గానీ నువ్వు నన్ను ఇరవై దాకా వెళ్లనివ్వవేం!" మళ్లీ ఒకటి నుంచి మొదలెట్టారు. ముప్పైరెండు దగ్గర ఆగి, తలెత్తారు. "ఇందులో నువ్వు పెట్టినవెన్ని?"

"రెండండి."

"నీ చేలో దుబ్బుకి ఎన్ని పెట్టేవోయ్?" అని అంజిబాబుని అడిగారు.

"గుప్పెడండి."

"వచ్చినవి?"

అంజిబాబు కండువా సర్దుకున్నాడు. "గుప్పెడేనండి."

శరభయ్యగారు గట్టెక్కి, కాళ్లు కడుక్కుంటూ, ఎటో చూస్తూ అన్నారు: "మా తోటలో మెరక చోటుంది వీరాయీ. వచ్చే ఏడు ఆకుమడి అక్కడే కట్టు. ఏటికి అందదు."

"దానికేం భాగ్యమండీ! చోటు మీది, మాట మీది, నాదేం పోయింది?" అంది వీరాయమ్మ. అనేసి, అటు తిరిగి కొంగుతో కళ్లు ఒత్తుకుంది.

"అక్కా, నాకూ ఓ మడి ఆకు పోసిపెట్టకూడదా?" అన్నాడు అంజిబాబు దారిలో.

"పోస్తాలే. ముందు నీ దూడనెక్కడ కట్టేస్తావో చూసుకో."

కాలవ గండి పూడ్చాక కొండయ్య పడవ రెండు నెలలకి తిరిగొచ్చింది. పండగ వెళ్లిన మర్నాడు గడ వేసుకుంటూ ఊరి దగ్గరికొచ్చి, గట్టవతల ఊగుతున్న చేను చూసి, గడ ఆపేశాడు. గట్టు మీద అటు తిరిగి వంగి గడ్డి కోసుకుంటున్న మనిషిని కేకేసి అడిగాడు.

"ఎవరిదమ్మా ఆ చేను? ఎవడో గాని రాసిపెట్టి పుట్టేడు!"

గడ్డి కోస్తున్న మనిషి తలెత్తింది. వీరాయమ్మే! "మీ ఆవిడదే లెండి. ముందా పడవ చూసుకోండి, రేవు గుంజకి కొడుతున్నారు!"

అప్పటికే కొట్టేశాడు.