చేతిలో ఉంచిన కాలం

ఏమర్రా, పిట్టని ఎక్కడ పట్టుకోవాలో చెప్పండి చూద్దాం?

రెక్కా? రెక్క విరుగుతుంది. కాళ్ళా? అవి చీపురుపుల్లలంత. నేను పిండుతున్న ఈ తడి తువ్వాలే పిట్టనుకుని, ఇలా చూడండి. చూపుడువేలికీ మధ్యవేలికీ నడుమ మెడ రావాలి, వీపు అరచేతికి ఆనాలి, మిగతా వేళ్ళు బుట్టలా మూసుకోవాలి. నొక్కకూడదు. ఆ విద్యలో ఆరితేరినవాడు ఒకాయన ఉండేవాడు. చిత్తడినేల ఒడ్డున రేకుల గది ఆయన ఆఫీసు. అందరూ కడియాల మాస్టారనేవారు.

తెల్లవారకముందే ఆయన రెల్లుపొదల మధ్య సాలెగూడంత సన్నటి వలలు కట్టేవాడు. అరగంటకోసారి వెళ్ళి, పడ్డ పిట్టల్ని గుడ్డసంచుల్లో వేసుకొచ్చేవాడు. కాలికి నంబరున్న కడియం తొడిగి, పట్టకారుతో నొక్కి, అతుకుని గోటితో తడిమేవాడు. రెక్క కొలిచి, పొట్టమీది ఈకల్ని ఉఫ్‌మని ఊది, కింద పసుప్పచ్చటి కొవ్వు పట్టిందో లేదో చూసి, కాటాకి సంచి తగిలించి తూచి, వదిలేసేవాడు. ఎందుకంటారా? అది మళ్ళీ ఎక్కడ దొరికినా, ఎవరో ఒకరు నంబరు చూసి కడియం మీది చిరునామాకి ఉత్తరం రాస్తారు. ఎంత దూరం ఎగిరిందో, ఎన్నాళ్ళు బతికిందో అలా తెలుస్తుంది.

ఆయన చెప్పే అంకెలన్నీ పక్కన కూచుని రిజిస్టర్లో రాసేది ఆయన భార్య. పదకొండేళ్ళుగా రాస్తోంది. ఒక్క పిట్టనీ ఆయన ఆమె చేతికివ్వలేదు. పిట్టలకి కడియాలు తొడిగే లైసెన్సు తనకీ కావాలని ఆమె దరఖాస్తు నింపి బల్లమీద పెట్టి మూడు నెలలైంది. 'నేర్పినవారి సంతకం' అన్నచోట ఖాళీ. ఆ సంతకం పడితే అవతలి ఒడ్డున కొత్తగా పెట్టే కడియాల స్టేషను ఆమెది. లేకపోతే ఇంకెవరిదో.

"చూద్దాంలే," అనేవాడాయన, కాగితం ఎగిరిపోకుండా దానిమీద కాటా పెట్టి.

ఒకరోజు ఆమె నిద్రలేచేసరికి ఎడమ చీలమండకి కడియం ఉంది. తెల్లగా, తేలిగ్గా, నంబరుతో సహా. ఆ ఊళ్ళో మనుషులకీ అప్పుడప్పుడూ పడేవిలెండి, తల నెరిసినట్టు. పక్కింటి పిన్నిగారు చూసి, "నీకూ పడిందీ? సబ్బునీళ్ళు నిలవనియ్యకు, దురదపెడుతుంది," అని తన పనిలోకి వెళ్ళిపోయింది.

మాస్టారికి మాత్రం అన్నం సయించలేదు. ఎవరో ఒకరు పట్టుకోనిదే కడియం ఎక్కదని ఆయనకంటే ఎవరికి బాగా తెలుసు? అతుకు తడిమాడు. గోటికి ఏమీ తగల్లేదు. ఇంత నున్నగా నొక్కిన చెయ్యి ఎవరిది?

"పొద్దున పడవెక్కి అవతలికెందుకెళ్ళావు?"

"పనుండి."

"పడవాయనతో ఏం పని?"

"పడవాయనతో పడవ పనే ఉంటుంది. మీరు మరీనూ."

పచ్చకామెర్లవాడికి లోకమంతా పచ్చనంటారు కదా. ఆమె దువ్వుకుంటే అనుమానం, దువ్వుకోకపోతే అనుమానం. రిజిస్టరు చివరి పేజీల్లో రహస్యంగా రాసుకోవడం మొదలుపెట్టాడు. 'వెళ్ళింది ఏడూ పది. వచ్చింది ఎనిమిదీ నలభై. చీర అంచుకి ఈక. కారణం తెలియదు.' ఆ రిజిస్టరు రోజూ తెరిచేది ఆవిడేనన్న సంగతి మాత్రం మర్చిపోయాడు, మహానుభావుడు.

"ఇది ఏ జాతి పిట్టండీ?" అంది ఆమె, ఆ పేజీ తిప్పి ఆయన ముందు పెట్టి.

ఆయన తలెత్తలేదు. "ఈక ఎక్కడిది?"

"పడవాయన భార్య కౌజుపిట్టల్ని పెంచుతోంది. వాటిమీద చెయ్యి తిప్పుకుంటున్నాను. మీరు ఇవ్వకపోతే నేను నేర్చుకోవద్దూ?"

"ఆ మాట నాతో ముందే అనొచ్చుగా."

"అంటే ఏమనేవారు?"

చూద్దాంలే అన్న మాట నోటిదాకా వచ్చి ఆగింది.

నమ్మాడా అంటే, సగం నమ్మాడు. మిగతా సగం కోసం, ఆమెకి చెప్పకుండా, కడియం మీది చిరునామాకి ఉత్తరం రాశాడు. ఈ నంబరు తొడిగిందెవరు, ఎప్పుడు, ఎక్కడ అని. పదిరోజులకి కార్డొచ్చింది. గదిలో ఆమెకి వీపు తిప్పి చదువుకున్నాడు.

'స్థలం: మీ వంటగది కిటికీ. రెక్క: పూర్తిగా ఎదిగింది, ఎగిరిన ఆనవాలు లేదు. బరువు: ఉండాల్సినదానికంటే తక్కువ. చేతిలో ఉంచిన కాలం: పదకొండేళ్ళు. పరిస్థితి: నోరు తెరిచి రొప్పుతోంది.' తొడిగినవారి పేరు దగ్గర ఒట్టి గీత.

ఇక్కడ మీకో సంగతి చెప్పాలి. చేతిలో ఉన్న పిట్ట నోరు తెరిచి రొప్పిందంటే, అంకెలు రాయడం అయినా కాకపోయినా, ఆ క్షణమే గుప్పిట విప్పెయ్యాలి. ఆ పనిలో మొదటి పాఠం అది. తర్వాతి పాఠాలన్నీ మర్చిపోయినా ఫరవాలేదు.

మాస్టారు వెనక్కి తిరిగాడు. ఆమె రిజిస్టరుకి గీతలు కొడుతోంది. నోరు కొద్దిగా తెరిచే ఉంది. ఎన్నేళ్ళుగా అలా ఉందో, ఆయనెప్పుడూ చూడలేదు.

ఆయన చెయ్యి దానంతటదే కదిలింది. కాటా పక్కకి జరిపింది, సంతకం పెట్టింది. ఈసారి ఎక్కడికి, ఎవరితో, ఎప్పుడొస్తావు అని ఏదీ అడగలేదు.

"పట్టకారు తీసుకెళ్ళు," అన్నాడు.

"మరి మీకు?"

"నాకు ఇంకోటుంది."

మర్నాడు పొద్దున ఆమె పడవెక్కింది. ఆయన ఒడ్డున నిలబడ్డాడు గానీ, గడియారం చూడలేదు.

"తిరిగొచ్చిందా అమ్మమ్మా?"

"ఆదివారాలు వచ్చేది. బుద్ధిపుట్టినప్పుడు మంగళవారాలు కూడా."

"మరి కడియం తొడిగిందెవరు?"

"అదిగో, నీకూ పట్టుకుంది అనుమానం. లేవండి, దారివ్వండి. బకెట్లో సగం బట్టలు ఇంకా పిండకుండానే ఉన్నాయి."