అక్క వంతు

ఈ చొక్కా నాకింత వదులా, తెర మీద ఆ బక్కపలచటి మనిషి నేనే కాబోలు, పాలు పొంగించుకుని పొయ్యి తుడుచుకుంటున్నాడు, తెగిన చెప్పుకి పిన్నీసు పెట్టుకుంటున్నాడు, బస్సులో ఫిడేలు పెట్టెని చంటిపిల్లలా ఒళ్లో పెట్టుకుని కునుకుతున్నాడు, ఫిడేలు వాయించేవాడి ఒక రోజు అంటూ పన్నెండు నిమిషాల సినిమా తీసింది మా మేనకోడలు, రేపు కాలేజీలో చూపిస్తుందట, అమ్మ కూడా వస్తానంది మావయ్యా అని ఇందాక మామూలుగా అనేసింది, నా గుండె జారి ఎక్కడ పడిందో వెతుక్కోవాలి, పద్నాలుగేళ్లుగా నా గడప తొక్కని అక్క, నన్ను చూడటానికి కాకపోయినా నా బొమ్మ చూడటానికి వస్తుందన్నమాట, ఇదిగో ఇప్పుడు తెర మీద సాధన చేస్తున్నాను, బాగానే ఉంది, కానీ ఇదేమిటి, ఎక్కడా ఆగకుండా పరిగెడుతున్నానేమిటి.

ఆపవే, ఆపు, ఇక్కడ నేను ఆగాను కదా, అదంతా ఏమయింది అంటే, మరిచిపోయి బిత్తరచూపులు చూస్తున్నావ్ మావయ్యా, నీ పరువు పోతుందని కత్తిరించేశా, థాంక్స్ చెప్పవేం అని నవ్వుతోంది, దీనికేం తెలుసు, అప్పటికి దీనికి ఆరేళ్లు, ఆ పాట ఇద్దరిది, ఒక వరస నాది, ఒక వరస అక్కది, ఆ రోజు వేదిక మీద అక్క కమాను ఎత్తడం ఒక్క క్షణం ఆలస్యమైతే ఆగలేక తన వరస కూడా నేనే వాయించేశాను, చప్పట్లు, ఎన్ని చప్పట్లని, అక్క ఫిడేలు పెట్టెలో పెట్టి మూత వేసి, ఇంక నాతో పనేముందిరా నీకు అంది, అంతే, అప్పట్నుంచీ తన వరస వచ్చినచోటల్లా నేను ఆగుతాను, అది కత్తిరించేస్తే రేపు ఈ సినిమాలోనూ తన వంతు మింగేసిన తమ్ముడినే చూస్తుంది.

కత్తిరించినవన్నీ మళ్లీ పెట్టు తల్లీ అన్నాను, జనం నిద్రపోతారు మావయ్యా అంది, పోనీ అన్నాను, మొండిఘటం, అచ్చం మా అమ్మే అని గొణుక్కుంటూ అతికించింది, ఇప్పుడు తెర మీద నేను కమాను దించాను, గదిలో చప్పుడు లేదు, నా పెదాలు కదులుతున్నాయి, ఒకటి, రెండు, మూడు, పదహారు దాకా, కళ్లు తలుపు వైపు, ఏంటి, ఎవరైనా వస్తారా అంటోంది పిల్ల, తాళం తప్పకూడదని తలెత్తుతున్నాననుకున్నాను ఇన్నాళ్లూ, కాదు, రోజూ పొద్దున్నే అక్క కోసమే చూస్తున్నాను, చూస్తున్నాను సరే, ఆ తలుపుకి లోపలివైపు గడియ, వేసుకున్నది నేనే.