ఓడిపోవడానికి వేసిన దావా

హరికిషన్ ఇంటి తాళం మార్చిన రోజు కల్పలత కూరగాయలు తీసుకుని తిరిగొచ్చింది. మెట్ల కింద రెండు అట్టపెట్టెల్లో ఆమె బట్టలు, కుక్కరు, మిక్సీ ఉన్నాయి. చిలకలగూడలో ఆ రెండు గదుల పోర్షన్‌లో వాళ్లిద్దరూ తొమ్మిదేళ్లు కాపురమున్నారు. ఆయన భార్య పోయినవాడు, ఆమె విడాకులు తీసుకున్నది. పెళ్లి మాట ఎత్తినప్పుడల్లా ఆయన "ఈ వయసుల గవన్నీ ఎందుకు లతా" అనేవాడు.

ఆయన ఫోన్ ఎత్తకపోయేసరికి కల్పలత నేరుగా షాపుకు వెళ్లింది. సబ్ రిజిస్ట్రార్ ఆఫీసు ఎదురుగా హరికిషన్‌కు దస్తావేజులు రాసే షాపు ఉంది. ఆయన నోటితో చెబితే ఆమె కంప్యూటర్ మీద కొట్టేది. అందుకోసమే బడిలో క్లర్కు పని మానేసింది. జీతం అడిగితే "మనది మనకు జీతమేంది" అనేవాడు.

షాపులో ఒక పెద్దమనిషి ఇంటి కాగితాలతో కూర్చుని ఉన్నాడు. "ఎవరీమె?" అని అడిగాడు.

హరికిషన్ తలెత్తలేదు. "మా దగ్గర టైపు చేసేటామె. ఏదో జీతం పరేషానీ" అన్నాడు.

అల్వాల్‌లో ఆయన కొత్త ఫ్లాట్ కొన్నాడనీ, వచ్చే నెలలో ఇంకొకామెను పెళ్లి చేసుకోబోతున్నాడనీ ఆ సాయంత్రమే ఆమెకు తెలిసింది. అదంతా ఎలాగో మింగింది. టైపు చేసేటామె అన్న మాట మాత్రం గొంతు దిగలేదు.

కాప్రాలో తమ్ముడు విజయేందర్ ఇంట్లో దిగిన మూడో రోజున, అట్టపెట్టె అడుగు నుంచి ఒక స్టాంపు కాగితం తీసుకుని లాయరు ఝాన్సీలక్ష్మి దగ్గరికి వెళ్లింది. కలిసి ఉండడం మొదలుపెట్టిన ఏడాదే హరికిషన్ తన చేత్తో రాసిచ్చిన ఒప్పందం అది. ఎప్పుడైనా విడిపోతే నెలకు పదిహేను వేలు ఇస్తానని కింద సంతకం పెట్టాడు. ఇన్నాళ్లూ ఆమెకు అదే ధైర్యం.

ఝాన్సీలక్ష్మిది రాజమండ్రి వైపు. కాగితం రెండుసార్లు చదివి కళ్లద్దాలు తీసింది. "ఇది రాసింది ఆయనేనా అమ్మా?"

"ఆయనే మేడమ్."

"తెలిసే రాశాడండి. ఇక్కడ చూడండి. పెళ్లి లేకుండా నాతో కలిసి ఉన్నందుకు ప్రతిఫలంగా, అన్నాడు. అలాంటి ప్రతిఫలం నీతికి విరుద్ధం, ఒప్పందం చెల్లదు అని వాదిస్తాడు. కోర్టు కొట్టేసే అవకాశమే ఎక్కువ. నా షాపులో జీతం లేకుండా పనిచేస్తోంది కాబట్టి ఇస్తాను అని రాసుంటే వేరు."

కల్పలత ఆ అక్షరాలను చూస్తూ ఉండిపోయింది. ఇల్లు అమ్మేవాడు రేపు మాట మార్చకుండా ఏ మాట ఎక్కడ పెట్టాలో ఈ సికింద్రాబాద్‌లో హరికిషన్ కన్నా బాగా తెలిసినవాడు లేడు. అలాంటివాడు తన దగ్గరికి వచ్చేసరికి, కాగితం పుట్టిన రోజే అది చచ్చేలా రాశాడు. ఇంకా కలిసి అన్నం తింటున్న రోజుల్లో రాశాడు.

"ఇది వదిలేయండి" అంది ఝాన్సీలక్ష్మి. "గృహహింస చట్టం కింద వేద్దాం. పెళ్లి కాకపోయినా భార్యాభర్తల్లా బతికితే భరణం అడగొచ్చు. ఇద్దరికీ అప్పటికి వేరే పెళ్లి బంధం లేదు, అది మనకు మంచిది."

"అండ్ల ఆయనేమంటడు?"

"ఏముంది, సంబంధమే లేదంటాడు. టైపిస్టు అంటాడు. ఈ సంతకం నాది కాదన్నా అంటాడు. కలిసి బతికారని మనం రుజువు చేసుకోవాలి."

"మరి ఈ కాగితం మీద దావా ఏస్తే?"

"అక్కడ దీన్ని చంపాలంటే కలిసి ఉన్నామని ఆయనే..." ఝాన్సీలక్ష్మి ఆగిపోయింది.

"ముందు గదే ఏద్దాం మేడమ్."

"ఓడిపోతారమ్మా."

"ఓడిపోతా."

"ఆయన జవాబులో మీ గురించి ఏం రాస్తాడో ఆలోచించారా? నలుగురిలో చదువుతారు. మీ తమ్ముడుంటాడు."

"రాయనీయండి. ఎంత రాస్తె అంత మంచిది."

హరికిషన్ రాశాడు. నాలుగు పేజీలు, ప్రమాణం చేసి మరీ రాశాడు. తామిద్దరూ తొమ్మిదేళ్లు ఒకే కప్పు కింద, ఒకే మంచం మీద ఉన్నారనీ, ఆమె డబ్బు కోసమే ఒళ్లప్పగించిందనీ, ఇలాంటి ఒప్పందాన్ని ఏ కోర్టూ అమలు చేయరాదనీ రాశాడు. ఆయన వకీలు దాన్ని గొంతెత్తి చదువుతుంటే వెనక బెంచీలో విజయేందర్ లేచి బయటికి వెళ్లిపోయాడు. కల్పలత కదల్లేదు. ఒడిలో చేతులు రెండూ బిగించి ప్రతి వాక్యం చివరిదాకా విన్నది. తాను కోరి తెచ్చుకున్న మాటలే అయినా అవి చెవిలో పడుతుంటే ఒళ్లంతా మంటపుట్టింది. ఆ మంటను ఆర్పుకోలేదు, దాచుకుంది.

ఆ రోజు నుంచి తమ్ముడు ఆమెతో అవసరానికి మించి మాట్లాడలేదు. ఆమె కూడా సంజాయిషీ చెప్పలేదు.

హరికిషన్ బోనెక్కినప్పుడు ఝాన్సీలక్ష్మి మూడే ప్రశ్నలు అడిగింది. ఒకే ఇంట్లో ఉన్నారా? ఉన్నామన్నాడు. ఎన్నేళ్లు? తొమ్మిదన్నాడు. చుట్టుపక్కల వాళ్లు మిమ్మల్ని ఏమనుకునేవాళ్లు?

గెలుస్తున్నానన్న ధీమా ఆయన మొహంలో కనిపిస్తూనే ఉంది. "మొగుడు పెండ్లాలనే అనుకునేటోళ్లు. మేం సుత కాదనలె" అన్నాడు.

దావా కొట్టేశారు. కోర్టు మెట్ల మీద ఆయన ఆమె పక్కనుంచి దిగుతూ, "కాగితాల సంగతి నాకే నేర్పుతవా లతా" అని నవ్వాడు. ఆమె మళ్లీ మెట్లెక్కి లోపలికి వెళ్లింది. తీర్పు, ఆయన జవాబు, ఆయన సాక్ష్యం, మూడింటికీ సర్టిఫైడ్ కాపీలకు దరఖాస్తు పెట్టింది.

రెండు వారాలకు మెజిస్ట్రేట్ కోర్టులో భరణం కేసు పడింది. హరికిషన్ కొత్త వకీలును పెట్టుకున్నాడు. పాత దావా కాగితాలు చూడని ఆ వకీలు లేచి, ఆమె కేవలం టైపిస్టని మొదలుపెట్టాడు. ఝాన్సీలక్ష్మి ఆయన నాలుగు పేజీలనూ బోనులో చెప్పిన మాటలనూ ఒకదాని కింద ఒకటి పెట్టి పైకి అందించింది. కాగితాలు తిప్పుతున్నంతసేపు కల్పలత హరికిషన్ మొహమే చూసింది. ఎప్పుడర్థమవుతుందా అని చూసింది. మూడో పేజీ దగ్గర అర్థమైంది. ఆయన నుదురు తుడుచుకుని కాగితాల వైపు కాక ఆమె వైపు చూశాడు. ఆ ఒక్క చూపు కోసం ఆమె ఏడాదిన్నర ఓపిక పట్టింది.

నెలకు పన్నెండు వేలు భరణం, ఇంటద్దెకు ఇంకో ఆరు వేలు. ఆయన రాసిచ్చిన కాగితం నిలబడినా అంత వచ్చేది కాదు.

ఆదివారం పొద్దున హరికిషన్ కాప్రా వచ్చాడు. లోపలికి రమ్మని ఎవరూ అనలేదు. వరండాలో నిలబడే మాట్లాడాడు. కొత్త భార్య ఆ నాలుగు పేజీలూ చదివిందట, పుట్టింటికి వెళ్లిపోయిందట.

"ఒక్కటేసారి ఇచ్చేస్త లతా. ఆరు లక్షలు. రాజీ రాసుకుందాం. నెలనెలా ఈ తక్లీఫ్ ఎందుకు ఇద్దరికీ."

"నాకేం తక్లీఫ్ లేదు."

"జెర సోంచాయించు. నా పరువు పోయింది, ఇల్లు పోయేటట్టున్నది. ఇంకేం గావాలె మీకు?"

మీకు అన్నాడు. తొమ్మిదేళ్లూ ఆయన్ను మీరు అన్నది ఆమె. ఇప్పుడు ఆ మాట ఆమె నోటికి రాలేదు.

"ఒక్కసారి ఇస్తె నువ్వు మర్చిపోతవ్. నెలనెలా కట్టాలె. ఒకటో తారీఖు వచ్చిందంటే చెక్కు మీద నా పేరు రాసుడు తప్పొద్దు నీకు. నీ చేత్తో నువ్వే రాయాలె."

"గిట్ల చేస్తె మీకేమొస్తది?"

కల్పలత నిజంగానే ఆలోచించింది. పోయిన తొమ్మిదేళ్లు రావు. బడిలో పని రాదు. నిండు కోర్టులో చదివిన మాటలు వెనక్కి పోవు.

"నాకేం రాదు" అంది. "నీకు పోతది."

ఆయన చెప్పులు వేసుకుని గేటు తీసుకుని వెళ్లాడు. విజయేందర్ తలుపు దగ్గర నిలబడి అంతా విన్నట్టున్నాడు. వరండాలోకి వచ్చి, రోడ్డు మలుపు దాకా ఆ మనిషినే చూస్తూ, ఇన్ని నెలల తర్వాత అక్కతో తనంతట తాను మాట్లాడాడు.

"తక్కువ అడిగినవక్కా."