జేబులో రాణి

రాణి ఈగ పెట్టెలో లేదని తేనెటీగలకు పూట గడవకముందే తెలిసిపోతుంది. దాని ఒంటి నుంచి వచ్చే వాసన మన ముక్కుకు అందదు గానీ, పెట్టెనంతా అదే పట్టి ఉంచుతుంది. అది తగ్గిందంటే ఈగలు పని మానేసి వెతుకులాట మొదలుపెడతాయి. భార్య ఇంట్లో లేదని ఆ ఈగల్ని పెంచే తేనెమామకు మాత్రం మర్నాడు కాఫీ వేళకు గానీ తెలియలేదు.

ఆవిడ తప్పేమీ లేదు. జ్వరంతో మూలుగుతుంటే ఈ మహానుభావుడు మంచం పక్కన కూర్చుని, ఏ పెట్టెలో తేనె ఎలా పట్టిందో చెప్పుకొచ్చాడు. ఒంట్లో ఎలా ఉందని ఒక్క ముక్క అడగలేదు. లేచి తిరిగే ఓపిక రాగానే ఆవిడ సంచీ సర్దుకుని పక్కవీధిలోని తమ్ముడింటికి వెళ్ళిపోయింది.

వారం పాటు బింకంగా ఉండి, ఇక లాభం లేదని తేనెమామ ఆవిడను పిలుచుకురావడానికి బయలుదేరాడు. ఆ పొద్దున ఒక రాణిని వేరే పెట్టెలోకి మార్చాలని చిన్న జాలీ డబ్బీలో పెట్టి, చొక్కా జేబులో వేసుకున్నాడు. భార్యతో ఏం మాట్లాడాలా అన్న కంగారులో దాని సంగతే మరిచిపోయాడు.

బావమరిది ఇంటి వరండాలో ఇలా కూర్చున్నాడో లేదో ఈగలు దిగాయి. ముందు జేబు మీద, తర్వాత మెడ మీద, చివరికి గడ్డం కింద గుత్తులుగా వేలాడాయి.

"కదలకు బావా, నేనున్నాను!" అంటూ బావమరిది లోపలికి పరుగెత్తి గడియ పెట్టుకున్నాడు.

పెరటి వైపు నుంచి ఆవిడ వచ్చి నిలబడింది.

"జేబులో ఏముంది?"

"రాణి."

"మళ్ళీనా?"

ఆవిడ రెండు వేళ్ళతో డబ్బీని మెల్లగా తీసి, మూలనున్న ఖాళీ అట్టపెట్టెలో పెట్టింది. ఈగలు ఆయన్ను వదిలేసి అటు నడిచాయి. జేబుకు అంటిన వాసనకు ఓ పదో పన్నెండో అక్కడే ఉండిపోయాయి. తేనెమామకు ఏడుపొచ్చినంత పనైంది. దారంతా వల్లె వేసుకున్న మాటల్లో ఒక్కటీ నోటికి రాలేదు.

"జ్వరం తగ్గిందా?" అన్నాడు.

"తగ్గి వారమైంది" అంది. అట్టపెట్టె ఎత్తుకుని, మూసిన తలుపు వైపు తిరిగి కేకేసింది. "ఒరేయ్ తమ్ముడూ! నా సంచీ కిటికీలోంచి అందించు. నువ్వు తలుపు తియ్యక్కర్లేదులే."